ఫ్రెంచి విప్లవ కారణాలు: ఒకే జాబితాలో ప్రత్యర్థులు

గౌరవనీయులైన సంపాదకులకు నమస్కారం.

మీ పత్రిక పోటీ పరీక్షల పేజీలో ఇటీవల ‘ఫ్రెంచి విప్లవానికి దారితీసిన కారణాలను వివరించండి’ అన్న ప్రశ్నకు ప్రచురించిన నమూనా సమాధానం గురించి ఈ ఉత్తరం రాస్తున్నాను. నేను గుంటూరులో డిగ్రీ విద్యార్థులకు చరిత్ర బోధించి పదవీ విరమణ చేసినవాణ్ణి. బ్రాడీపేట, అరండల్‌పేట వీధుల్లోని శిక్షణ కేంద్రాలలో చదివే పిల్లలు మీ పేజీని కత్తిరించి దాచుకుంటారనీ, అందులో ఉన్నది ఉన్నట్లుగా కంఠస్థం చేస్తారనీ ఎరిగినవాణ్ణి కనుక, ఆ సమాధానం గురించి కొంత విపులంగా రాయడం అవసరమని భావిస్తున్నాను.

సమాధానం మనందరికీ చిరపరిచితమైన పద్ధతిలోనే ఉంది. రాజకీయ, సాంఘిక, ఆర్థిక, తాత్విక కారణాలంటూ నాలుగు ఉపశీర్షికలు, చివర తక్షణ కారణంగా 1789 మే 5న వెర్సెయిల్స్‌లో జరిగిన ఎస్టేట్స్ జనరల్ (మతాచార్యులు, కులీనులు, సామాన్యులు అన్న మూడు ‘ఎస్టేట్ల’ ప్రతినిధుల సభ) సమావేశం. ప్రజలు దుర్భర దారిద్ర్యంలో మగ్గారని ఒక వాక్యం, వాణిజ్యం వృద్ధి చెంది బూర్జువా వర్గం బలపడిందని ఆ వెంటనే మరొకటి, రూసో, వోల్టేర్, మాంటెస్క్యూల రచనలు జనాన్ని మేల్కొలిపాయని ఇంకొకటి. ఈ వాక్యాలలో చాలావరకు, ఎవరో ఒక చరిత్రకారుడు తనకు ముందటివారు పొరబడ్డారని రుజువు చేయడానికి రాసిన వాదనల సారాంశాలు. ఆ వాదన ఎవరిదో, ఏ కాలానిదో, ఏ ఆధారం మీద నిలబడిందో చెప్పకుండా వరుస సంఖ్యలు వేసి పక్కపక్కన పెట్టడం, వాది వాదననూ ప్రతివాది వాదననూ కలిపి కుట్టి ఇదే తీర్పు అని చేతికివ్వడం వంటిది. దానికి మార్కులు రావచ్చు గానీ, చరిత్రకారులు రెండు శతాబ్దాలుగా దేని గురించి తగవు పడుతున్నారో ఆ విద్యార్థికి ఎన్నటికీ తెలియదు.

తాత్విక కారణంతో మొదలుపెడతాను, ఎందుకంటే దాని సంగతి త్వరగా తేలుతుంది. ఇది పుట్టుకలో ఒక నేరారోపణ. బ్రిటిషు రాజకీయవేత్త ఎడ్మండ్ బర్క్ 1790 నవంబరులో, అంటే రాజు శిరచ్ఛేదానికి రెండేళ్ళకు పైగా ముందే, ఫ్రాన్సును చెడగొట్టినవారిలో అక్కడి రచయితలను ఒకరుగా లెక్కవేశాడు. విప్లవానికి భయపడి లండన్ చేరిన బారుయెల్ అనే మతాచార్యుడు 1797 నుంచి వెలువరించిన సంపుటాలలో, తత్వవేత్తలు, ఫ్రీమేసన్లు అనే రహస్య సంఘంవారు, జాకోబిన్లు అనే విప్లవ తీవ్రవాదులు కలిసి పన్నిన కుట్రే ఇదంతా అని తేల్చేశాడు. విప్లవాన్ని అభిమానించినవారు ఆ నేరాన్నే ఘనతగా తిప్పుకున్నారు. మన పాఠ్యపుస్తకాలకు అందింది ఆ రెండవ రూపం. అయితే 1910లో దానియెల్ మోర్నే పద్ధెనిమిదవ శతాబ్దపు సొంత గ్రంథాలయాల జాబితాలను 500 వరకు వెతికి చూస్తే, రూసో రాసిన సామాజిక ఒడంబడిక గ్రంథం వాటిలో ఒక్కచోటే కనిపించింది. చాలాకాలం తరువాత రాబర్ట్ డార్న్‌టన్ స్విట్జర్లండ్‌లోని ఒక ప్రచురణ సంస్థ లెక్కల పుస్తకాలు తిరగేసి, దొంగతనంగా సరిహద్దు దాటి బాగా అమ్ముడుపోయిన వాటిలో రాజాస్థానపు రంకు కథలకు పెద్ద వాటా ఉందని చూపించాడు. విప్లవకారులు 1791లో వోల్టేర్ అస్థికలనూ, 1794లో రూసో అస్థికలనూ ఊరేగింపుగా పారిస్‌లోని మహనీయుల సమాధి మందిరమైన పాంథియన్‌కు తెచ్చుకున్నారు. జ్ఞానోదయం విప్లవాన్ని కన్నదా, లేక విప్లవమే తనకొక వంశవృక్షం కావాలని జ్ఞానోదయాన్ని ఎంచుకున్నదా అని రోజే షార్టియే 1990లో అడిగిన ప్రశ్న ఈ ఊరేగింపుల ముందు నిలబెడితే మరింత గట్టిగా వినిపిస్తుంది.

దారిద్ర్యమా, సంపదా అన్న వివాదానికి మాత్రం ఎక్కువ చోటు ఇవ్వవలసిందే. విప్లవాన్ని ఆకలితో అలమటించిన జనం లేచి నిలబడిన ఘట్టంగా చిత్రించినవారిలో అగ్రగణ్యుడు జూల్ మిష్లే. ఆయన తొలి సంపుటాలు 1847లో, మరొక విప్లవానికి కొద్ది నెలల ముందు వచ్చాయి. 1852లో, నెపోలియన్ తమ్ముడి కొడుకూ నియంతా అయిన లూయీ నెపోలియన్‌కు విధేయతా ప్రమాణం చేయనందుకు ఆయన తన ఉద్యోగాలు పోగొట్టుకున్నాడు. అదే నియంతృత్వం వల్ల రాజకీయాల నుంచి తప్పుకున్న మరొక చరిత్రకారుడు టోక్విల్. ఆయన తల్లికి తాతగారైన మాల్‌జెర్బ్, విచారణలో 16వ లూయీ తరఫున వాదించి, తరువాత తానే 1794లో గిలటిన్‌కు బలయ్యాడు. ఇటువంటి ఇంట పుట్టినవాడు విప్లవాన్ని తిట్టిపోస్తాడని ఎవరైనా అనుకుంటారు. టోక్విల్ ఆ పని చేయక, తూర్ పట్టణంలోని పాత ప్రభుత్వ దస్త్రాలు చదవడానికి కూర్చున్నాడు. 1856లో ఆయన ప్రకటించిన ఫలితాలు మిష్లే చిత్రాన్ని తలకిందులు చేశాయి: 16వ లూయీ కాలంలో ఫ్రాన్సు అంతకుముందెన్నడూ లేనంత వేగంగా సంపన్నమవుతున్నది; రైతులు అప్పటికే చాలాచోట్ల భూమికి సొంతదారులు; భూస్వామ్యపు బరువు జర్మనీలోకన్నా ఫ్రాన్సులో తక్కువ, అసహ్యం మాత్రం ఫ్రాన్సులోనే ఎక్కువ. చెడ్డ ప్రభుత్వానికి అన్నింటికన్నా ప్రమాదకరమైన ఘడియ అది తనను తాను సంస్కరించుకోవడం మొదలుపెట్టే ఘడియే అన్న ఆయన సూత్రం ఈ దస్త్రాల నుంచి పుట్టింది. విప్లవం బద్దలు కొట్టిందనుకున్న కేంద్రీకృత పాలనా యంత్రాంగం నిజానికి రాజులు మొదలుపెట్టినదేననీ, విప్లవం దాన్ని పూర్తిచేసి నెపోలియన్ చేతిలో పెట్టిందనీ కూడా ఆయన వాదించాడు. మీ సమాధానంలో ‘నిరంకుశ పాలన అంతమైంది’ అన్న వాక్యానికి ఇంతకన్నా గట్టి ఎదురుదెబ్బ ఉండదు.

ఆశ్చర్యమేమిటంటే, సంపద పెరగడం వల్లనే విప్లవం వచ్చిందన్న మాటను ఆ తరువాత ఎత్తుకున్నది సోషలిస్టు నాయకుడు జాన్ జొరెస్. 1901 నుంచి రాసిన తన చరిత్రలో ఆయన బోర్డో, నాంత్ వంటి రేవు పట్టణాల వర్తకుల సిరిని వర్ణించి, తన బలం తెలుసుకున్న బూర్జువా వర్గమే అధికారం అడిగిందని చెప్పాడు. కులీనుడైన టోక్విల్, సోషలిస్టు జొరెస్ ఒకవైపు, మిష్లే మరొకవైపు. మన జాబితాలో మాత్రం ముగ్గురూ రెండు వాక్యాల వ్యవధిలో సర్దుకుపోయారు. ఈ చిక్కుముడిని విప్పినవాడు ఎర్నెస్ట్ లాబ్రూస్. ధాన్యం ధరలు, కూలి రేట్లు, కౌళ్ళు సంవత్సరాల వారీగా పోగుచేసి 1933లోనూ, 1944లోనూ ఆయన వెలువరించిన పట్టికల ప్రకారం 1726–41 నుంచి 1785–89 మధ్య ధరలు సుమారు 65 శాతం పెరగగా, కూలి 22 శాతమే పెరిగింది. కౌలు వసూలు చేసుకునేవాడికీ, ధాన్యం అమ్ముకునేవాడికీ అది శతాబ్దపు వైభవం. రొట్టె కొనుక్కుని బతికేవాడికి నెమ్మదిగా బిగిసిన ఉచ్చు. దాని మీద 1788 పంట నష్టం వచ్చి పడింది. ఆ ఏడు జూలై 13న కురిసిన వడగళ్ళు పారిస్ చుట్టుపక్కల చేలను నాశనం చేశాయి. రొట్టె ధర శిఖరానికి చేరింది 1789 జూలై మధ్యలో, పారిస్‌లోని బాస్తీయ్ కోట చెరసాల జనం చేతిలో పడిన రోజుల్లోనే. సంపదా నిజమే, ఆకలీ నిజమే అని అంగీకరిస్తూనే, ఎవరికి ఏది, ఏ కాలవ్యవధిలో అన్నది తేల్చినప్పుడే ఆ రెండు వాక్యాలూ ఒకే సమాధానంలో ఉండగలవు. మీ పేజీలో కొరవడినది ఆ తేల్చే వాక్యమే.

ఇక బూర్జువా వర్గం. 1789 నూట యాభయ్యవ వార్షికోత్సవం కోసం జార్జ్ లెఫెవ్ర్ 1939లో రాసిన చిన్న గ్రంథం ఈ విషయంలో సగం ప్రపంచానికి పాఠ్యపుస్తకమైంది. మరుసటి ఏడు జర్మన్లకు లొంగిపోయిన విషీ ప్రభుత్వం ఆ ప్రతులను నాశనం చేయించింది. అందులో ఆయన చెప్పినది విప్లవం ఒకటి కాదని, నాలుగని: 1787–88లో పన్ను సంస్కరణలను అడ్డుకుని రాజును ఎస్టేట్స్ జనరల్ పిలిచేలా చేసిన కులీనుల తిరుగుబాటు మొదటిది, తరువాత బూర్జువాలది, పారిస్ సామాన్యులది, పల్లె రైతులది. మన సమాధానాలలో కులీనులు ఎప్పుడూ తిరుగుబాటుకు గురైనవారే గాని దాన్ని మొదలుపెట్టినవారు కారు. లెఫెవ్ర్‌ను సగమే తీసుకున్నామన్నమాట.

1954లో లండన్‌లో ఆల్ఫ్రెడ్ కాబన్ తన ఆచార్య పీఠ ప్రారంభోపన్యాసంలో ఈ బూర్జువా విప్లవమే ఒక కల్పిత గాథ అన్నాడు. ఆయన చేసిన పని చాలా సులువైనది, అయినా అంతకుముందు ఎవరూ దానికి అంత ప్రాధాన్యం ఇవ్వలేదు. మూడవ ఎస్టేట్ నుంచి ఎన్నికై జాతీయ సభగా మారినవారి వృత్తులేమిటో లెక్కబెట్టాడు. వర్తకులు, పారిశ్రామికులు, ధనవ్యాపారులు అందరూ కలిసి 13 శాతం. తక్కిన వారిలో అత్యధికులు వకీళ్ళు, డబ్బిచ్చి కొనుక్కున్న చిన్నచిన్న ప్రభుత్వ పదవుల్లో ఉన్నవారు. పెట్టుబడిదారీ విధానం కోసం పోరాడిన వర్గానికి ఇది వింత ప్రతినిధి వర్గం. అమెరికా చరిత్రకారుడు జార్జ్ టేలర్ 1960లలో మరొక మెట్టు ఎక్కి, కులీనులూ సంపన్న సామాన్యులూ డబ్బు పెట్టింది ఒకే తరహా ఆస్తుల్లో, అంటే భూమిలో, పదవుల్లో, ప్రభుత్వ రుణపత్రాల్లో అని చూపించాడు. ఉత్తరాన అన్‌జాన్ బొగ్గు గనుల వాటాదారులలో గొప్ప కులీనులున్నారు. అటువంటప్పుడు ఎవరి మీద ఎవరి పెట్టుబడి గెలిచింది?

1789 ఆగస్టు 4 రాత్రి ‘భూస్వామ్య వ్యవస్థ పూర్తిగా రద్దయింది’ అని మీ సమాధానం చెబుతున్నది. శాసనం మొదటి వాక్యం అక్షరాలా అలాగే ఉంది, కాని దాని కింది వాక్యాలు వేరు. దాస్యానికి సంబంధించిన బాధ్యతలను ఊరకే తీసేశారు. భూమికి సంబంధించిన సుంకాలను మాత్రం రైతు పరిహారం చెల్లించి విడిపించుకోవాలన్నారు. ఆ హక్కులు సభలో కూర్చున్న కొందరు సామాన్యులకు కూడా ఉండేవి మరి. పరిహారం లేకుండా అన్నీ రద్దయినది 1793 జూలై 17న, అదీ నాలుగేళ్ళపాటు రైతులు చెల్లించడానికి మొండికేసిన తరువాత. ఆగస్టు 4 నాటి ఆ ఉదారతకు కూడా ముందు పల్లెల్లో రేగిన అలజడే కారణం. జూలై 20 నుంచి ఆగస్టు 6 దాకా ఫ్రాన్సు పల్లెలను కుదిపేసిన ‘మహాభయం’ మీద లెఫెవ్ర్ 1932లో చేసిన పరిశోధన, నా దృష్టిలో ఈ మొత్తం సాహిత్యంలో ఉత్తమమైనది. దోపిడీదొంగలు వస్తున్నారన్న పుకారు ఏ ఊరి నుంచి ఏ ఊరికి ఏ రోజున చేరిందో స్థానిక దస్త్రాల నుంచి వెలికితీసి, దాని దారులను పటం మీద గీశాడు. దేశమంతటా ఒక్కసారిగా పుట్టిందనుకున్న భయం కొద్ది చోట్లనే పుట్టి ఊరూరా పాకిందని తేలింది. షాంపేన్ ప్రాంతంలో దొంగల దండుగా కనిపించినది పశువుల మంద. రాజభక్తులు పన్నిన పన్నాగమని ఒకరు, దేశభక్తులు పన్నిన పన్నాగమని మరొకరు నూట నలభై ఏళ్ళపాటు చేసిన ఆరోపణలు రెండూ ఆ పటంతో వీగిపోయాయి. 2025లో కొందరు శాస్త్రవేత్తలు అంటువ్యాధుల వ్యాప్తిని లెక్కించే సూత్రాలతో లెఫెవ్ర్ సమాచారాన్నే మళ్ళీ పరిశీలించారు. ఒక చరిత్రకారుడు పోగుచేసిన సమాచారం తొంభై ఏళ్ళ తరువాత కూడా పనికి రావడం చిన్న విషయం కాదు.

ఈ జాబితా మన దాకా ఎలా వచ్చిందన్న విషయంలో నాకు ఒక అభిప్రాయం ఉంది. అసమర్థుడైన రాజు, దుబారా రాణి, మేల్కొలిపిన తత్వవేత్తలు అన్న భాగం ఇంగ్లీషు పాఠ్యపుస్తకాల ద్వారా బ్రిటిషు కాలంలో వచ్చింది. వర్గ సంఘర్షణ, బూర్జువా విప్లవం అన్న భాగం స్వాతంత్ర్యం తరువాత, విజయవాడ ఏలూరు రోడ్డులో విశాలాంధ్ర పుస్తకాలూ మాస్కో నుంచి తెలుగులో అచ్చయి వచ్చిన పుస్తకాలూ కొనుక్కుని చదివిన తరం ద్వారా వచ్చింది. రెండవ భాగాన్ని నేను తేలిక చేయడం లేదు. ఆ కాలంలో పారిస్ దస్త్రాలలో అందరికన్నా ఎక్కువ కష్టపడినవారు మార్క్సిస్టులూ వారికి దగ్గరివారూనూ. బాస్తీయ్ మీద పడినది నేరగాళ్ళ గుంపు అని పందొమ్మిదవ శతాబ్దపు చరిత్రకారుడు తేన్ వంటివారు చేసిన నిందను పోలీసు రికార్డులతో చెరిపేసిన జార్జ్ రూడే వారిలో ఒకడు. బాస్తీయ్ విజేతలుగా గుర్తింపు పొందిన 662 మంది పేర్లున్న జాబితాలో అత్యధికులు వడ్రంగులు, తాళాల పనివారు, చెప్పులు కుట్టేవారు, చిన్న దుకాణదారులు. కానీ మన గైడు పుస్తకాలలోకి ఆ తరువాతి యాభై అరవై ఏళ్ళ చర్చ ఏదీ రాలేదు. మొదటి రెండు పొరలూ ఒకదాని మీద ఒకటి పేరుకుని గట్టిపడి, ‘కారణాలు’ అన్న పేరుతో ఏటా పునర్ముద్రణ అవుతున్నాయి.

చరిత్రకారులు తమ కాలాన్ని బట్టే మాట్లాడతారు కదా, ఎవరి మాటను నమ్మాలి అని విద్యార్థులు అడుగుతారు. ప్రశ్న న్యాయమైనదే. 1820లలో తియేర్, మిన్యే విప్లవ చరిత్రలు రాసినప్పుడు వారి కళ్ళ ముందున్నది తిరిగివచ్చిన బూర్బన్ రాచరికం. తేన్ కలం పట్టినది 1871లో పారిస్ కమ్యూన్ అనే తిరుగుబాటు ప్రభుత్వపు రక్తపాతం చూసి. ఓలార్‌కు సోర్బాన్‌లో విప్లవ చరిత్ర పీఠం దక్కినది మూడవ గణతంత్రం తన పునాదులు వెతుక్కుంటున్న రోజుల్లో. ఆయన శిష్యుడు మతియే గురువుగారు మెచ్చిన విప్లవ నాయకుడు దాంతోన్‌ను దించి అతని ప్రత్యర్థి రోబెస్పియర్‌ను నిలబెట్టి, 1917 తరువాత బోల్షివిక్కులలో జాకోబిన్లను చూశాడు. అమెరికా చరిత్రకారుడు పామర్, ఫ్రెంచి చరిత్రకారుడు గోదెషో 1955లో అమెరికా, ఐరోపా విప్లవాలను కలిపి ‘అట్లాంటిక్ విప్లవం’ అన్నప్పుడు అది నాటో కూటమికి రాసిన పీఠిక అని విమర్శలు వచ్చాయి. ఒకప్పటి కమ్యూనిస్టు ఫ్రాన్స్వా ఫ్యూరే 1978లో ‘ఫ్రెంచి విప్లవం ముగిసింది’ అని ప్రకటించినప్పుడు ఆయన మనసులో రష్యా శ్రమశిబిరాలున్నాయి. ఇంత పొడవైన జాబితా చూసి చరిత్ర అంతా అభిప్రాయాల సంత అనుకుంటే మాత్రం పొరపాటు. కాలం ప్రశ్నను ఇస్తుంది. దస్త్రాలు కొన్ని జవాబులను నిరాకరిస్తాయి. బారుయెల్ కుట్ర, తేన్ నేరగాళ్ళ గుంపు మళ్ళీ లేవలేదు. కాబన్ లెక్కల తరువాత ‘పెట్టుబడిదారులు జరిపిన విప్లవం’ అన్న మాటను పాత అర్థంలో వాడడం కష్టమైంది. అయినా 1990లలో కోలిన్ జోన్స్ వంటివారు పట్టణాలలో పెరిగిన వస్తు వినియోగాన్నీ, పత్రికల ప్రకటనలనూ చూపించి బూర్జువాను మరొక ద్వారం గుండా లోపలికి తెచ్చారు.

దీనికి మంచి ఉదాహరణ, విప్లవ ప్రభుత్వం వేలాది మందికి మరణశిక్షలు వేసిన 1793–94 నాటి బీభత్స పాలన మీద చర్చ. ‘వేలాది ప్రభువులు గిలటిన్‌కు బలయ్యారు’ అని మీ సమాధానంలో ఫలితాల కింద రాశారు. డొనాల్డ్ గ్రీర్ అనే అమెరికా పరిశోధకుడు 1935లో మరణశిక్షల పత్రాలన్నీ లెక్కబెట్టాడు. శిక్షలు 16,594. వాటిలో కులీనులు సుమారు ఎనిమిదిన్నర శాతం, మతాచార్యులు ఆరున్నర శాతం. తక్కిన దాదాపు 85 శాతం మూడవ ఎస్టేట్‌వారే. సగానికి పైగా శిక్షలు అంతర్యుద్ధం జరిగిన పడమటి జిల్లాలలో పడ్డాయి. పారిస్ వాటా దాదాపు 16 శాతం. విచారణ లేకుండా చంపినవారినీ, చెరసాలల్లో చనిపోయినవారినీ కలిపితే సంఖ్య రెట్టింపు దాటుతుంది. మూడు లక్షల మందిని సైన్యంలోకి తీసుకోవాలన్న ఉత్తర్వు మీద 1793 మార్చిలో పడమటి ఫ్రాన్సులో భగ్గుమన్న వాందే తిరుగుబాటులోని ప్రాణనష్టం లక్ష దాటినది. దాన్ని జాతిహననం అనవచ్చా అన్న వాదం 1986 నుంచి ఇప్పటికీ నడుస్తున్నది.

ఈ హింస ఎందుకు వచ్చింది? ఓలార్, మతియేలు యుద్ధాన్ని, విద్రోహాన్ని, కరువును చూపించారు. ఫ్యూరే ఆ ‘పరిస్థితుల’ వాదనను సాకు అన్నాడు. ప్రజలకు ఒకే సంకల్పం ఉంటుందని 1789లోనే అనుకున్నప్పుడు, భిన్నంగా మాట్లాడినవాడు ద్రోహి కాక తప్పదని వాదించాడు. చదువుతుంటే లోబడిపోయేంత గొప్ప వాదన అది. అమెరికా చరిత్రకారుడు తిమతీ టాకెట్ దీన్ని సూత్రాలతో కాక ఉత్తరాలతో ఎదుర్కొన్నాడు. జాతీయ సభ సభ్యులు ఆ రోజుల్లో ఇంటికీ, ఊరివారికీ రాసుకున్న లేఖలు చదివితే, 1789 వసంతంలో వారిలో అత్యధికులు రాజభక్తులు, వ్యవహార జ్ఞానం గల వకీళ్ళు. రూసో పేరు అరుదు. 1791 జూన్‌లో రాజు రహస్యంగా పారిపోతూ వారెన్ అనే ఊళ్ళో పట్టుబడిన తరువాత ఆ లేఖల స్వరం మారుతుంది, కుట్ర అన్న మాట ప్రతి పుటలోకీ వస్తుంది. నా మొగ్గు టాకెట్ వైపే. ఫ్యూరే మొదలూ తుదీ తెలిసినవాడిగా వెనక్కి చూసి రాశాడు. టాకెట్ చదివిన సభ్యులకు రేపు ఏమవుతుందో తెలియదు, వారి భయం అందులోంచి పుట్టినదే.

మీ సమాధానంలో అసలు కనిపించనిది ఒకటుంది. 1789లో ఫ్రాన్సు విదేశీ వాణిజ్యంలో గొప్ప భాగం కరీబియన్ సముద్రంలోని సాన్-డొమాంగ్ వలస చక్కెర, కాఫీ తోటల నుంచి వచ్చేది. ఆ తోటల్లో దాదాపు 5 లక్షల మంది ఆఫ్రికన్ బానిసలు పనిచేసేవారు. జొరెస్ వర్ణించిన బోర్డో, నాంత్ వర్తకుల సిరి వెనుక ఉన్నది వీరు. 1791 ఆగస్టులో వారు తిరగబడ్డారు. చక్కెర ధర మండిపోయి 1792 జనవరిలో పారిస్ జనం దుకాణాల మీద పడ్డారు. మానవులందరూ స్వేచ్ఛగా పుడతారని 1789 ఆగస్టులో ప్రకటించిన దేశం, బానిసత్వాన్ని 1794 ఫిబ్రవరి 4న గాని రద్దు చేయలేదు. నెపోలియన్ 1802లో దాన్ని మళ్ళీ తెచ్చాడు. 1804 జనవరి 1న ఆ వలస హైతీ పేరుతో స్వతంత్రమైంది. 1825లో ఫ్రాన్సు తన గుర్తింపుకు ధరగా, తోటలూ బానిసలూ పోయిన యజమానుల కోసం 15 కోట్ల ఫ్రాంకులు దాని మీద విధించింది. ట్రినిడాడ్‌కు చెందిన సి.ఎల్.ఆర్. జేమ్స్ ఈ చరిత్రను 1938లోనే రాశాడు. ఐరోపా చరిత్రకారులు, వామపక్షంవారూ దాని ప్రత్యర్థులూ సమానంగా, దాన్ని ఒక అధోజ్ఞాపికకు మించి పట్టించుకోవడానికి అర్ధశతాబ్దం పట్టింది. వలస పాలన ఎరిగిన మనం ఆ ఆలస్యాన్ని మన పాఠాలలో కూడా కొనసాగించవలసిన పని లేదు.

‘ఖజానా ఖాళీ’ అన్న కారణం మీద చరిత్రకారులకు పెద్దగా తగవు లేదు. 1788లో ప్రభుత్వ ఖర్చులో దాదాపు సగం అప్పులకే పోయింది. దాన్ని రాణిగారి నగలకు ముడిపెట్టడం మాత్రం తగదు. రాజాస్థానం మొత్తం ఖర్చు చిన్నది, అప్పులు యుద్ధాలవి. అమెరికా స్వాతంత్ర్య యుద్ధం అందులో చివరిది, అంతకుముందు ఏడేళ్ళ యుద్ధం. ఆ యుద్ధంలో ఒక అంకం మన తీరంలోనే నడిచింది: 1753లో ఫ్రెంచి సేనాని బుస్సీకి దక్కిన కొండపల్లి, ఏలూరు సర్కారుల మీద ఫ్రెంచివారి పెత్తనం 1759లో మచిలీపట్నం కోట ఇంగ్లీషువారికి చిక్కడంతో ముగిసింది. మా గుంటూరు సర్కారు కంపెనీ చేతికి వచ్చినది 1788లో, అంటే పారిస్‌లో ఖజానా చెల్లింపులు ఆగిపోయిన సంవత్సరంలోనే.

రెండు చిన్న సవరణలు కూడా. రొట్టె లేకపోతే కేకు తినమని మేరీ ఆంటోనెట్ అన్నట్లు ఆధారం లేదు. ఆ కథను ఎవరో ఒక రాకుమారికి అంటగట్టి రూసో తన ఆత్మకథలో రాసేనాటికి ఆమె ఆస్ట్రియాలో చిన్నపిల్ల. ఉపోద్ఘాతంలో మీరు ఫ్రెంచి విప్లవం గురించి అన్నట్లుగా ఉదహరించిన చైనా ప్రధాని చౌ ఎన్‌లై మాట, ‘ఫలితం చెప్పడానికి ఇంకా సమయం కాలేదు’ అన్నది, 1972లో ఆయన అన్నది 1968 నాటి పారిస్ విద్యార్థుల ఆందోళన గురించి అని ఆ సమావేశంలో ఉన్న అమెరికా దుబాసీయే 2011లో స్పష్టం చేశారు.

నా విన్నపం ఇది. ఈ ప్రశ్న మళ్ళీ మీ పేజీకి వచ్చినప్పుడు, ప్రతి కారణం పక్కన అది ఎవరి వాదనో, ఏ సంవత్సరానిదో, దాన్ని ఎవరు కాదన్నారో ఒక్క పంక్తి చేర్చండి. ఉపశీర్షికలు అలాగే ఉంచినా నష్టం లేదు. ఈ ఉత్తరం మీ ‘లేఖలు’ శీర్షికకు మించిపోయిందని నాకు తెలుసు. కుదించవలసి వస్తే చౌ ఎన్‌లై సంగతి, మచిలీపట్నం సంగతి తీసివేయండి. గ్రీర్ అంకెలూ హైతీ పేరా మాత్రం ఉంచవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
మీ పాఠకుడు,
విశ్రాంత చరిత్ర ఉపన్యాసకుడు,
బ్రాడీపేట, గుంటూరు.